చర్చ: సానా నా న్హాడాను దర్శకుడనాలా, ఛాయాగ్రాహకుడనాలా?

రీలుడబ్బా:
పశ్చిమ ఆఫ్రికా ఛాయాగ్రాహకుల ప్రస్తావన వచ్చినప్పుడు గినీ-బిసావ్‌కు చెందిన సానా నా న్హాడా పేరు ఎవరూ ఎత్తరు. 1994లో ఫ్రాన్స్‌లోని కాన్ చలనచిత్రోత్సవానికి ఎంపికైన ‘షీమ్’ ఆయన తీసిన చిత్రమే కాబట్టి అందరూ ఆయనను దర్శకుల వరుసలో చేర్చేస్తారు. ఆయన చేసిన పనిలో అసలైనది కెమెరా పనేనని నా వాదన. పోర్చుగల్ పాలనపై సాయుధ పోరాటం నడుపుతున్న అమిల్కార్ కాబ్రాల్ 1967లో నలుగురు యువజనులను సినిమా నేర్చుకోమని క్యూబాకు పంపాడు. వారు సానా, ఫ్లోరా గోమ్స్, జుజె బొలామా కొబుంబా, జుజెఫీనా క్రాతో. 1972లో తిరిగివచ్చి, విముక్త ప్రాంతాలలో యుద్ధాన్నీ, దాని నడుమ సాగుతున్న జనజీవితాన్నీ వారు చిత్రీకరించారు. కాబ్రాల్ హత్య జరిగిన ఎనిమిది నెలలకు, 1973 సెప్టెంబరు 24న, మదీనా దు బొయెలో స్వాతంత్ర్యం ప్రకటించిన నాటికే ఆ దేశానికి సొంత కెమెరావాళ్ళు సిద్ధంగా ఉన్నారు.

నిదానం:
చరిత్ర బాగుంది గానీ వాదన నిలవదు. ఏది తీయాలో కాబ్రాల్ పార్టీ నిర్ణయించింది, వీరు తీశారు. దానిని ప్రచార విభాగపు పని అనడంలో తప్పేముంది? పైగా స్వాతంత్ర్యం వచ్చాక, సహచరుడు ఫ్లోరా గోమ్స్ తీసిన ‘మోర్తు నెగా’ (1988)కు కూడా ఫ్రాన్స్‌కు చెందిన దొమినిక్ జాంతీయే ఛాయాగ్రహణం చేశాడు. సానాది నిజంగా ఛాయాగ్రాహకుడి జీవితమైతే ఇంట్లోవాళ్ళే ఆయనను ఎందుకు పిలవలేదు?

రీలుడబ్బా:
నిదానం గారూ, బయటి నుంచి డబ్బు తెచ్చుకుని తీసే చిత్రానికి సాంకేతిక నిపుణులు కూడా బయటి నుంచే రావడం ఆ ప్రాంతంలో అప్పట్లో మామూలే. సెనెగల్ దర్శకుడు సెంబెన్ ఉస్మాన్ తొలి చిత్రాలకు సైతం క్రిస్టియన్ లకోస్త్ అనే ఫ్రెంచివాడే కెమెరా పట్టాడు. దీన్నిబట్టి సానాకు పని రాదని ఎలా అంటాం? ఫ్రెంచి దర్శకుడు క్రిస్ మార్కర్ తన ‘సాన్ సొలెయ్’ (1983)లో బిసావ్ కార్నివాల్ దృశ్యాలను సానా తీసినవే తీసుకుని, పేరు కూడా వేశాడు. ఆ వీధి ఊరేగింపును ఏ పార్టీ తీయమంది? ప్రచారం కోసమే పనిచేసిన కన్నయితే మార్కర్ అంతటివాడు దానిని అరువు తెచ్చుకునేవాడు కాడు.

సాగరిక:
మీరిద్దరూ రీళ్ళ సంగతి వదిలేశారు. బిసావ్‌లో సరైన నిల్వ లేక, 1998-99 అంతర్యుద్ధం వల్ల, ఆ నలుగురు తీసిన రీళ్ళలో చాలా భాగం పోయింది. మిగిలినది 2012లో బెర్లిన్‌లోని ఆర్సెనాల్ అనే సినిమా సంస్థలో డిజిటల్ రూపంలోకి మారింది. ఫిలిపా సెజార్ అనే పోర్చుగీసు కళాకారిణి చొరవతో ఆ దృశ్యాలు తిరిగి గినీ-బిసావ్ పల్లెలకు వెళ్ళాయి. అనేక రీళ్ళకు శబ్దం లేకపోవడంతో, తెర మీద బొమ్మ నడుస్తూ ఉంటే, తీసినవాళ్ళే పక్కన ఉండి అది ఏమిటో చెప్పవలసి వచ్చింది. నా అభ్యంతరం వేరు. నలుగురు కలిసి నింపిన రీళ్ళను సానా ఒక్కడి ఖాతాలో ఎలా జమకడతారు? గోమ్స్, సానాల పేర్లయినా తరువాతి చిత్రాల వల్ల నిలిచాయి గానీ, జుజెఫీనా క్రాతోను ఎందరు తలచుకుంటున్నారు?

నిదానం:
ఈ ప్రశ్న నా పక్షానికే బలం. సానా 2023లో తీసిన ‘నోమ్’లో ఆ పాత యుద్ధ దృశ్యాలను కల్పిత కథలో కలిపాడు. అర్ధశతాబ్దం కిందటి ఉమ్మడి రీళ్ళను ఇప్పటి కథకు ముడిసరుకు చేసుకుని, దేని పక్కన ఏది రావాలో తేల్చడం దర్శకుడి నిర్ణయం. ఆయనను దర్శకుడిగా లెక్కిస్తే, ఏ షాట్ ఎవరిదన్న తగాదా కూడా రాదు.

రీలుడబ్బా:
తగాదా రాదని షాట్ తీసిన చేతిని లెక్కలోంచి తీసేయలేం. సాగరిక గారి మాటలో న్యాయముంది. అందుకే క్యూబా నుంచి వచ్చిన నలుగురినీ ఛాయాగ్రాహకులుగానే రాద్దాం, సానాను కూడా అందులోంచి తప్పించకుండా.