సమస్య: “పాడలేని చిలుక నాడు నేలె”

నిర్వాహకులు: ఇచ్చిన ఈ పాదంతో ముగిసేలా పద్యం పూరించాలి. ‘నాడు నేలె’ అంటే నాడును (దేశాన్ని) ఏలిందని. ఈసారి ఛందస్సు ఆటవెలది. నేపథ్యం మలయాళ వారపత్రికల ప్రేమ సీరియళ్లు. 1955లో ముట్టత్తు వర్కి ‘పాడాత్త పైంకిళి’ (పాడని చిలుక) నవల తెచ్చారు. తర్వాత ఆ తరహా కథలన్నిటికీ ‘పైంకిళి’ అనే వెక్కిరింపు అంటుకుంది. అయినా 1969లో కొట్టయంలో మొదలైన ‘మంగళం’ వారపత్రిక 1980ల్లో పదిహేను లక్షల ప్రతులు దాటింది. పాడ–నాడు ప్రాసయతి (యతి స్థానంలో మొదటి అక్షరాలకు బదులు రెండో అక్షరాలు కలవడం) గమనించండి.

మొదటి పూరణ:

వర్కి కలము నందు వలపులే చిలుకలై
వారవార మింట వాలుచుండ
పలుకలేని పేద పడుచుకై జనమేడ్వ
పాడలేని చిలుక నాడు నేలె

నిర్వాహకులు: నడక హాయిగా ఉంది. ‘వారవారము ఇంట’ కలిసి వచ్చిన ‘మింట’ను ఆకాశమని చదివేవారూ ఉంటారు. చిలుకే కదా, ఎగరనిద్దాం.

రెండో పూరణ:

పైంకిళి యని నవ్వు పండితులుండగా
దిండుకింద దాచి తీసి చదివి
యత్త తోడ కోడ లదియె కావలెననె
పాడలేని చిలుక నాడు నేలె

ఒక సభ్యుడు: అత్తాకోడళ్లు ఒక్కమాట మీదికి రావడమే అసలు సమస్యాపూరణం! కానీ పండితులందరినీ ఒకే గాటన కట్టకండి. వర్కి పేరిట పెట్టిన పురస్కారాన్ని మలయాళ సాహిత్య దిగ్గజాలే అందుకున్నారు: 1992లో ఓ.వి. విజయన్, మరుసటేడు వైకం ముహమ్మద్ బషీర్, ఆ తర్వాత ఎం.టి. వాసుదేవన్ నాయర్.

రెండో పూరణ రాసినావిడ: అందుకున్నారు సరే, దిండు కింద ఏం దాచుకున్నారో మనకేం తెలుసు?

మూడో పూరణ:

కొట్టయమున నచ్చు కొత్తవారపు కథ
బీడికట్టు చేయి పేజి తిప్పె
వచ్చు వారమనుచు నచ్చట నాపిన
పాడలేని చిలుక నాడు నేలె

నిర్వాహకులు: యతి, గణాలు సరిపోయాయి. చిక్కు రెండో పాదంలోని భావంతోనే. బీడీ కట్టే చేతికి పేజీ తిప్పే తీరికెక్కడిది? కన్నూరు బీడీ కార్ఖానాల్లో ఒకరు దినపత్రికో నవలో పైకి చదువుతుంటే మిగతావాళ్లు పని ఆపకుండా వినేవారు. చదివినవాడి వంతు బీడీలు కూడా వాళ్లే చుట్టి పెట్టేవారు. ఆ పాదాన్ని ఇలా మారిస్తే?

బీడి చుట్టువారు పేర్మి వినగ

మూడో పూరణ రాసినాయన: మారుస్తాను గురువుగారూ. మూడో పాదం మాత్రం కదపను.

నిర్వాహకులు: కదపొద్దు. నాయిక నోరు విప్పబోయే చోట ‘వచ్చే వారం’ అని ఆపేస్తే చిలుక ఇంకేం పాడుతుంది! సమస్యను బాగా విప్పింది మీ పాదమే. ఈ వారానికి నా ఓటు దీనికి. అత్తాకోడళ్ల పద్యానిది రెండో స్థానం, అభ్యంతరాలుంటే రేపు సాయంత్రంలోగా చెప్పండి.