ఆధునిక ఇళ్లు, మారుతున్న ఊళ్ల గురించి ఏ పుస్తకాలు చదవాలి?

అందరికీ నమస్కారం. మాది కడప. సివిల్ డిప్లొమా చేసి ఒక కాంట్రాక్టరు దగ్గర సైట్ పని చూస్తున్నాను. పాత మిద్దెలు పడగొట్టి అదే జాగాలో స్లాబు ఇళ్లు కట్టడమే మాకు ఎక్కువ పని.

ఈమధ్య ఒక మట్టి మిద్దె విప్పుతుంటే దగ్గరుండి చూశాను. టేకు దూలాలు, వాటి మీద అడ్డంగా దంతెలు (సన్న కర్రలు), ఆపైన బండలు, మందంగా చౌడు మట్టి. నడింట్లో వెలుతురుకీ, వేడి పైకి పోవడానికీ కప్పులో గవాచి అనే కంత. మేం పోసే స్లాబు మే నెలలో రాత్రి కూడా పెనంలా కాలుతుంటుంది. ఇంకోలా కట్టలేమా అని మనసులో ఒకటే తొలుస్తోంది.

ఆర్కిటెక్ట్ చార్లెస్ కొరియా 1960లలో అహ్మదాబాద్‌లో కట్టిన ట్యూబ్ హౌస్ అనే ఇంటి డ్రాయింగ్ చూశాను. వేడిగాలి వాలుకప్పు వెంబడి పైకెక్కి, కొసన ఉన్న సందులోంచి బయటికి పోతుంది. మన గవాచి చేసే పనే కదా! ఆయన 1985 పుస్తకం ‘ద న్యూ ల్యాండ్‌స్కేప్’ సైట్ పని చేసేవాడికి అర్థమవుతుందా?

రచయిత్రి జేన్ జేకబ్స్ 1961లో అమెరికా నగరాల మీద రాసిన పుస్తకం మొదలుపెట్టాను. వీధి మీద నలుగురి కళ్లుంటేనే వీధి భద్రం అంటారావిడ. అరుగులున్న మా పాత వీధులకు ఆ మాట అతికినట్టు సరిపోతుంది. కానీ నాకు కావలసింది ఎండ ప్రాంతాల్లోని చిన్న ఊళ్ల సంగతి. తెలుగులో ఉంటే మరీ మంచిది.

కేరళలో తక్కువ ఖర్చుతో ఇళ్లు కట్టిన ఆర్కిటెక్ట్ లారీ బేకర్ పద్ధతులు అక్కడి వానలకే కాక మన ఎండలకూ పనికొస్తాయా? రాయలసీమలో అలా కట్టి చూసినవాళ్లుంటే దయచేసి చెప్పండి.