హళ్లికి హళ్లి, సున్నకు సున్న: ఇంతకీ ఏ హళ్లి?

మా అన్నయ్య కూతురు ఒక కథ రాస్తోంది. పుట్టి పెరిగింది బెంగళూరులోనే. తెలుగు మాట్లాడటం ఇంట్లో వచ్చింది, రాయడం మాత్రం పట్టుబట్టి తనే నేర్చుకుంది. కథ ఈ లోకానిది కాదు. కొండ మీద ఒక నగరం, దాని కింది సొరంగాల్లో లెక్కల మాంత్రికుల రహస్య మండలి. వాళ్లు ఏ వస్తువునైనా సగం చేసి, ఆ సగాన్ని మళ్లీ సగం చేసి, అలా లెక్క చదువుతూ పోతే చివరికి అది మాయమవుతుంది. అప్పు పత్రాలతో మొదలుపెట్టి చివరికి రాజునే మాయం చేస్తారట.

సొరంగం తలుపు దగ్గర కావలివాడు సంకేతవాక్యం అడుగుతాడు. పిల్ల రాసింది ఇది: "శూన్యమే సత్యం, సత్యమే శూన్యం." నాకు నచ్చలేదు. రహస్యంగా బతికేవాడు అలా ఉపన్యాసం ఇచ్చినట్టు మాట్లాడితే వీధి మలుపులోనే దొరికిపోతాడు. సంకేతమన్నది సంతలో పక్కన నిలబడ్డవాడికి కూడా మామూలు మాటలా వినిపించాలి. "హళ్లికి హళ్లి, సున్నకు సున్న అని రాయమ్మా" అన్నాను.

"ఏ హళ్లి బాబాయ్? మారతహళ్లా, బొమ్మనహళ్లా?"

పిల్లను తప్పు పట్టలేం. కన్నడంలో హళ్లి అంటే పల్లె. రెండూ ఒకే మాట. పాత కన్నడంలో మాట మొదట ఉన్న పకారం తర్వాత హకారమైంది. మన పాలు వాళ్లకు హాలు, మన పులి వాళ్లకు హులి. ఈ ఊళ్లో బస్సు ఎక్కినా హళ్లి, దిగినా హళ్లి. అలాంటి చెవికి మన సామెత "ఊరికి ఊరు, సున్నకు సున్న" అని వినిపించింది. అయితే ఆ హళ్లి కాదు, మరి ఏ హళ్లి? ఆ రాత్రి కరెంటు బిల్లు వెనక రాసి చూపించాను. ఇక్కడా రాస్తున్నాను.

పాత తెలుగు లెక్కల్లో పూర్ణాంకాలు పదుల్లో నడిస్తే భిన్నాలు నాలుగుల్లో నడిచేవి. ఒకటిని నాలుగు చేస్తే కాలు. కాలును నాలుగు చేస్తే వీసం, అంటే పదహారో వంతు. దాన్ని మళ్లీ నాలుగు, ఆ వచ్చినదాన్ని మళ్లీ నాలుగు. కాలు స్థానంలో అంకెలు నిలువు గీతలు: ౹ ౺ ౻. వీసం స్థానంలో అడ్డగీతలు: ౼ ౽ ౾. ఆ కిందిది మళ్లీ నిలువు, దాని కిందిది మళ్లీ అడ్డం. ఐదూ మూడు కాళ్లూ రెండు వీసాలు రాయాలంటే ౫౻౽.

"చుక్క ఏది?" అని అడిగింది. చుక్క అక్కర్లేదు. గీత మొదలైందంటే పూర్ణాంకం అయిపోయినట్టే.

మరి కాళ్లు లేకుండా ఐదూ రెండు వీసాలే ఉంటే? కాలు స్థానం ఖాళీ అని చెప్పడానికి ఒక గుర్తు కావాలి. ఆ గుర్తు ౸. దాని పేరే హళ్లి. ౫౸౽ అంటే ఐదూ పరక. రెండు వీసాలు కలిస్తే పరక. వీసం స్థానం ఖాళీ అయితే మాత్రం మామూలు సున్నే పెట్టేవారు. నిలువు గీతల చోట ఖాళీ అయితే హళ్లి, అడ్డగీతల చోట ఖాళీ అయితే సున్న. సామెతలో నాకు కనిపించే జంట ఇదే: కాలూ మిగల్లేదు, వీసమూ మిగల్లేదు. మనం ఒకే లేమిని రెండుసార్లు అంటున్నామనుకుంటాం, లెక్క రాసేవాడికి అవి రెండు వేర్వేరు లేములు.

ఈ గుర్తులు 2008లో కంప్యూటర్ల అక్షరాల పట్టిక అయిన యూనికోడ్ 5.1లో చేరాయి: భిన్నాంకెలు ఏడు, తూము గుర్తు ఒకటి. పైన మీకు డబ్బాలు కనిపిస్తుంటే మీ ఫోనులోని ఫాంటును తిట్టుకోండి, నన్ను కాదు.

వీసం ఇప్పటికీ మన నోళ్లలో ఉంది, వీసమెత్తు సందేహం లేదు. 1957 ఏప్రిల్ 1న నయాపైసలు వచ్చేదాకా రూపాయికి పదహారణాలు, అంటే రూపాయిలో వీసం అణా. పదహారణాల తెలుగు పిల్ల అన్నా ఆ లెక్కే. మా పిల్ల తాను పద్నాలుగణాలేనంటుంది. మిగతా పరక కన్నడమట.

ఇక మీరు చెప్పండి. సంకేతంగా ఇది పనికొస్తుందా?

*

మల్లేశ్వరంలో సంగీతం నేర్పే అక్కగారు:
తమ్ముడూ, మాట నోటితో చెప్పించడం దేనికి, కటపయాదిలో లెక్క కట్టించు. అదే, ఒక్కో హల్లుకూ ఒక్కో అంకె ఇచ్చే పద్ధతి. మా మేళకర్త రాగాల పేర్లన్నీ అలా తాళం వేసినవే కదా. ధీరశంకరాభరణంలో ధీ తొమ్మిది, ర రెండు, తిప్పి చదివితే 29వ మేళం. మేచకల్యాణిలో మే ఐదు, చ ఆరు, అది 65. ఆ ప్రకారం హళ్ళిలో హ ఎనిమిది, ళ తొమ్మిది. కాబట్టి కావలివాడు వినాల్సిన సంఖ్య 98.

నేను:
అక్కా, మీరు ళకు ళవత్తు ఇచ్చారు, నేను లవత్తు ఇచ్చాను. జంట హల్లుల్లో చివరిదాన్నే లెక్కపెట్టాలి. నాది ల, అంటే మూడు. నా హళ్లి 38.

మరో సభ్యుడు:
పెళ్ళి, పెళ్లి గొడవ ఇక్కడికీ వచ్చిందా! బాబూ, నిర్వాహకులను పిలవండి.

లెక్కల మాస్టారుగా పనిచేసిన పెద్దాయన:
లెక్కను మంత్రంలా చదవడం కొత్త ఊహేమీ కాదు నాయనా. 11వ శతాబ్దంలో పావులూరి మల్లన లెక్కలను తెలుగు పద్యాల్లో పెట్టాడు. దాని మూలం మహావీరాచార్యుని సంస్కృత గణితసారసంగ్రహం. ఆయన 9వ శతాబ్దంలో, రాష్ట్రకూట అమోఘవర్షుని కాలంలో ఉన్నవాడు. ఆ రాజధాని మాన్యఖేటం ఇప్పుడు మీ కర్ణాటకలోనే ఉంది. మీ పిల్ల చెప్పిన ఆ పరక కన్నడం ఊరికే పోలేదు.

ఇంకో సభ్యురాలు:
సంకేతం సరే అన్నయ్యా, మండలికి పేరేది? అరసున్న అని పెట్టమనండి. సున్నలో సగం ఎంత అంటే లెక్కల మాస్టారు సున్నే అంటారు. తెలుగు మాస్టారు మాత్రం రాసి చూపిస్తారు: ఁ. పాత పుస్తకాల్లో అడుగడుగునా ఉంటుంది, చదివేటప్పుడు ఎవరి నోటా వినపడదు. రహస్య మండలికి అంతకంటే ఏం కావాలి?

నేను:
చెల్లెమ్మా, పేరు ఖాయం. మాస్టారు ఏమీ అనుకోకూడదు.

మర్నాడు, నేనే మళ్లీ:
పిల్ల ఇదంతా చదివి తలుపు దగ్గరి ఘట్టం తిరగరాసింది. సగాలు పోయాయి, నాలుగో వంతులు వచ్చాయి. వచ్చినవాడు సామెత చెప్పినా కావలివాడు తలుపు తీయడు. ఇసుక పోసిన పలక ముందుకు తోసి, చెప్పిన మాటే రాయమంటాడు. రెండు సున్నలు చుట్టినవాడు వేగులవాడు. ముందు హళ్లి గీసి, పక్కన సున్న పెట్టినవాడే అరసున్న మనిషి.

మరి వత్తు సంగతి ఏం చేశావమ్మా అని అడిగాను. అది రెండో భాగానికి దాచుకుందట. అరసున్న మండలి 38 వాళ్లు, 98 వాళ్లు అని రెండుగా చీలిపోయేది అక్కడే.