పెట్రోలు ట్యాంకరు నడపడానికి ఏ లైసెన్సు కావాలి? మూడు రోజుల శిక్షణకు స్వయంగా వెళ్ళాలా?

గుంటూరు టాక్సీ (ప్రశ్న):

అందరికీ నమస్కారం. నా వయసు 29 సంవత్సరాలు. గుంటూరులో ఉంటూ ఏడేళ్ళుగా టాక్సీ నడుపుతున్నాను. 2018లో తీసుకున్న లైట్ మోటారు వాహన లైసెన్సు ఉంది, ఇప్పటివరకు ప్రమాదం గానీ కేసు గానీ లేదు. గన్నవరం విమానాశ్రయానికి వెళ్ళే కిరాయిల మీదే ఎక్కువగా ఆధారపడ్డాను; ఒక నెల బాగుంటే మరో నెల కారు వాయిదాకే సరిపోవడం లేదు. కొండపల్లి వైపు చమురు డిపోల నుంచి బంకులకు సరుకు చేరవేసే ట్యాంకర్ల యజమాని ఒకరు, మా మేనమామ గారికి తెలిసినవారు, సరైన లైసెన్సు తెచ్చుకుంటే నెల జీతం మీద పని ఇస్తానన్నారు.

నా సందేహాలు ఇవి. లైట్ లైసెన్సుతోనే సరుకు వాహనాలు నడపవచ్చని సుప్రీంకోర్టు చెప్పిందని మా స్టాండులో అందరూ అంటున్నారు. అది ట్యాంకరుకు కూడా వర్తిస్తుందా? అపాయకరమైన సరుకు తీసుకెళ్ళేవారికి మూడు రోజుల శిక్షణ సర్టిఫికెట్ కావాలట. ఒక ఏజెంటు, నేను ఆ తరగతులకు వెళ్ళనక్కరలేదని, కొంత డబ్బిస్తే సర్టిఫికెట్ ఇంటికే తెచ్చిస్తానని చెబుతున్నాడు. మూడు రోజులు బండి ఆపితే ఆదాయం పోతుంది కనుక మనసు కొంచెం అటు లాగుతున్న మాట నిజం. ఇక మా నాన్నగారు, ట్యాంకరు వద్దు, హెవీ లైసెన్సు తీసుకుని బస్సుకు వెళ్ళమంటున్నారు. అనుభవం ఉన్నవారు దయచేసి దారి చెప్పండి.

కృష్ణలంక శిక్షకుడు:

నేను విజయవాడలో పద్దెనిమిదేళ్ళుగా హెవీ వాహనాలు నేర్పుతున్నాను. మీ స్టాండులో అనుకుంటున్న తీర్పు నిజమే, కానీ సగమే మీ దాకా వచ్చింది. 2024 నవంబరు 6న అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం, లైట్ మోటారు వాహన లైసెన్సు ఉన్నవారు మొత్తం బరువు 7,500 కిలోలు మించని ట్రాన్స్‌పోర్ట్ వాహనాన్ని వేరే ఎండార్స్‌మెంట్ (లైసెన్సు మీద వేసే అదనపు అనుమతి) లేకుండా నడపవచ్చని చెప్పింది. ఆ బరువు దాటిన వాహనాలకు, అపాయకరమైన సరుకు తీసుకెళ్ళే వాహనాలకు ఉన్న ప్రత్యేక నియమాలను మాత్రం అది తొలగించలేదు. లెక్క వేసి చూడండి: పన్నెండు వేల లీటర్ల ట్యాంకరులో పెట్రోలే దాదాపు తొమ్మిది టన్నులు తూగుతుంది, దానికి బండి బరువు కలపాలి. అంటే బరువు వల్లా, సరుకు వల్లా కూడా ఆ తీర్పు మీకు అక్కరకు రాదు.

కాబట్టి ముందు, మామూలుగా హెవీ అని పిలిచే ట్రాన్స్‌పోర్ట్ లైసెన్సు తెచ్చుకోవాలి. దానికి వయసు ఇరవై నిండాలి, లైట్ లైసెన్సు తీసుకుని కనీసం ఏడాది గడిచి ఉండాలి. మీకు రెండూ ఉన్నాయి. ఎనిమిదో తరగతి చదివి ఉండాలన్న పాత నిబంధనను 2019లో తీసేశారు. రవాణా శాఖ వారి సారథి పోర్టల్‌లో దరఖాస్తు చేసి లెర్నర్ లైసెన్సు, అంటే ఎల్‌ఎల్‌ఆర్ తీసుకోండి. దానితో పాటు ఫారం 1ఎ, అంటే డాక్టరు పరీక్షించి సంతకం చేసిన ఆరోగ్య ధ్రువపత్రం కావాలి. సొంత కార్లవారు ఇచ్చే స్వీయ ప్రకటన ఇక్కడ చెల్లదు. కంటి పరీక్షను మొక్కుబడిగా చేయించుకోకండి, ఎందుకంటే మీరు రాత్రిపూట ఎదురు లైట్ల మధ్య నడపబోయేది కారు కాదు. ఎల్‌ఎల్‌ఆర్ ఆరు నెలలు చెల్లుతుంది, ముప్పై రోజులు నిండాక పరీక్షకు స్లాట్ తీసుకోవచ్చు. ట్రాన్స్‌పోర్ట్ తరగతికి గుర్తింపు ఉన్న డ్రైవింగ్ స్కూలు ఇచ్చే శిక్షణ ధ్రువపత్రం, అంటే ఫారం 5 కూడా తప్పనిసరి. ఎల్‌ఎల్‌ఆర్‌కు 150 రూపాయలు, డ్రైవింగ్ పరీక్షకు 300 రూపాయలు కేంద్ర నిబంధనల్లోని ఫీజులు. వాటి మీద సర్వీసు చార్జీలు ఉంటాయి. అసలు ఖర్చు శిక్షణదే.

పరీక్షలో బ్రేక్ ఇన్‌స్పెక్టరు గారు ముందుగా చూసేది మీరు అద్దాలను ఎలా వాడుతున్నారన్నది. కారు నుంచి వచ్చినవారు ఎక్కువగా తప్పేది వెనక్కు తీయడంలోనూ, మలుపులో వెనుక చక్రాలు లోపలికి కోసుకుంటూ వస్తాయన్న సంగతి మరిచిపోవడంలోనూ. నా దగ్గరికి వచ్చేవారిచేత మొదటి వారం ఖాళీ స్థలంలో ఈ రెండే చేయిస్తాను. విసుగ్గా ఉంటుంది గానీ, ఆ తరువాత బెంజి సర్కిల్ దగ్గర కూడా చేతులు వణకవు.

ఈ లైసెన్సు చేతికి వచ్చాకనే అపాయకర సరుకు ఎండార్స్‌మెంట్ మాట. కేంద్ర మోటారు వాహనాల నిబంధనలు, 1989లోని 9వ నియమం ప్రకారం ట్రాన్స్‌పోర్ట్ లైసెన్సుతో పాటు, రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూలులోని ఏదైనా ఒక భారతీయ భాషా, ఇంగ్లీషూ చదవడం, రాయడం రావాలి. మూడు రోజుల కోర్సు పూర్తిచేసిన సర్టిఫికెట్ ఉండాలి. అది చూపితే లైసెన్సు మీద ఎండార్స్‌మెంట్ వేస్తారు. 2019 సవరణ తరువాత మామూలు ట్రాన్స్‌పోర్ట్ లైసెన్సు అయిదేళ్ళు చెల్లుతుంది, అపాయకర సరుకుకు మాత్రం మూడేళ్ళే.

బస్సు సంగతి చెప్పాలంటే, 1994 సవరణ తరువాత చట్టం దృష్టిలో భారీ సరుకు వాహనం, భారీ ప్రయాణికుల వాహనం రెండూ ట్రాన్స్‌పోర్ట్ వాహనం అనే ఒకే తరగతి కిందికి వస్తాయి. కాబట్టి మీ మొదటి మెట్టు రెండింటికీ ఒకటే. నాన్నగారితో ఈ మాట చెప్పండి, ఇప్పుడే తేల్చుకోవలసిన అవసరం లేదు.

ట్యాంకరు సీటు:

తమ్ముడూ, నేను ఇరవై రెండేళ్ళుగా ట్యాంకరు నడుపుతున్నాను. శిక్షకుడు గారు లైసెన్సు గురించి వివరంగా చెప్పారు కనుక నేను ఆ మూడు రోజుల గురించే రాస్తాను, ఎందుకంటే నీ ప్రశ్నలో నన్ను భయపెట్టింది ఆ ఏజెంటు మాటే.

ఆ కోర్సులో జాగ్రత్తగా నడపడం గురించి, బ్రేకు వేశాక బండి ఎంత దూరం పోయి ఆగుతుందన్నదాని గురించి చెబుతారు. అది నీకు కొంత తెలిసే ఉంటుంది. తెలియనిది సరుకు గురించి. ట్యాంకరు పక్కలా వెనుకా ఉండే బోర్డు మీద 1203 అని ఉంటే లోపల పెట్రోలు ఉందని అర్థం. దాని మీద 3వైఇ అని ఒక కోడ్ ఉంటుంది. 3 అంటే మంటను నురుగుతో ఆర్పాలి. వై అంటే కారిన సరుకును నీళ్ళతో కడిగి కాలువలోకి వదలకుండా అడ్డుకట్ట వేసి ఆపాలి, మంటలో ఊపిరికి రక్షణ కావాలి. ఇ అంటే చుట్టుపక్కల జనాన్ని దూరంగా పంపే సంగతి ఆలోచించాలి. ఈ మూడు అక్షరాలు తెలియని డ్రైవరు, పెట్రోలు కారుతుంటే బకెట్టుతో నీళ్ళు కొడతాడు. నేను కూడా మొదట్లో అదే చేసేవాణ్ణి.

పెట్రోలు ఆవిరి గాలి కంటే బరువు. అది పైకి పోదు, నేల పట్టుకుని పల్లానికి పాకుతుంది. అందువల్ల బండికి యాభై అడుగుల దూరంలో, పల్లంలో ఎవరో బీడీ వెలిగించినా మనకు అపాయమే. ఇంకో సంగతి: గాలిలో ఆ ఆవిరి సుమారు ఒకటిన్నర నుంచి ఏడున్నర శాతం మధ్య ఉన్నప్పుడే అంటుకుంటుంది. నిండు ట్యాంకులో గాలికి చోటు తక్కువ. దించేసిన ట్యాంకులో ఆవిరీ గాలీ కలిసి ఉంటాయి. అంటే "ఖాళీ బండే కదా" అని వెల్డింగు షెడ్డుకు తోలుకుపోవడం అన్నిటికన్నా చెడ్డ పని. ఈ ఒక్క మాట తెలియక మనుషులు పోయారు.

ఆ పాఠాల్లో బావులు, నదులు, చెరువులు పాడుకాకుండా చూడడం కూడా ఒక భాగం. విజయవాడలో ఏలూరు కాలువ, బందరు కాలువ, రైవస్ కాలువ ఊరి మధ్యలోంచే పోతాయి. కింద డెల్టాలో ఎన్నో ఊళ్ళు ఆ నీళ్ళే చెరువులకు పట్టుకుని తాగుతాయి. కొన్నేళ్ళ క్రితం ఉయ్యూరు దాటాక నా బండి డెలివరీ వాల్వు దగ్గర గాస్కెట్ పోయి సన్నటి ధార మొదలైంది. పక్కనే పంటకాలువ. ఇంజను ఆపి, బ్యాటరీ మెయిన్ స్విచ్ తీసేసి, క్లీనరును వెనక్కు పంపి బండ్లను ఆపించాను. పారతో మట్టి కట్ట వేసి, ధార కింద బకెట్టు పెట్టకుండా ఇసుక పోశాను. ప్లాస్టిక్ బకెట్టులో పెట్రోలు పడితే స్థిర విద్యుత్తు పుట్టి నిప్పురవ్వ రావచ్చని నాకు చెప్పింది ఆ తరగతిలోని మాస్టారే. బోర్డు మీద ఉన్న నంబరుకూ, పోలీసులకూ, ఫైరు స్టేషనుకూ ఫోను చేశాను, అది కూడా బండికి దూరంగా వెళ్ళాకే. కాలువలో చుక్క పడలేదు. ఆ రోజు నా చేతులకు పని చెప్పింది ఆ మూడు రోజులే.

2024 డిసెంబరు 20న జైపూరు దగ్గర అజ్మీరు రోడ్డు మీద ఏం జరిగిందో చూసే ఉంటావు. యూటర్న్ తీసుకుంటున్న గ్యాస్ ట్యాంకరును లారీ గుద్దింది, వాల్వులు విరిగి గ్యాసు రోడ్డంతా పరుచుకుని అంటుకుంది. వెనుక నిలిచిన బస్సులూ కార్లూ కాలిపోయాయి. అలాంటి సరుకు వెనుక పెట్టుకుని, చదవని చదువుకు సర్టిఫికెట్ జేబులో పెట్టుకుని బండి ఎక్కకు తమ్ముడూ. మూడు రోజుల కిరాయి పోతుందనుకుంటే, నిజంగానే పోతుంది. కష్టమే. అయినా వెళ్ళు.

ఆటోనగర్ యజమాని:

నాకు నాలుగు సరుకు బండ్లు ఉన్నాయి, ట్యాంకర్లు లేవు. యజమాని వైపు నుంచి ఒక్క విషయం చెబుతాను. తగిన లైసెన్సు లేనివారికి బండి ఇస్తే మోటారు వాహనాల చట్టం 180వ సెక్షను కింద యజమానికీ, నడిపినందుకు 181వ సెక్షను కింద డ్రైవరుకూ శిక్ష ఉంది. రెండింటిలోనూ జరిమానా 5,000 రూపాయలు, మూడు నెలల వరకు జైలు కూడా పడవచ్చు. కానీ నిజమైన దెబ్బ జరిమానా కాదు. ప్రమాదం జరిగి పరిహారం కేసు పడ్డప్పుడు బీమా కంపెనీ ముందుగా అడిగేది డ్రైవరు లైసెన్సే. బాధితులకు కంపెనీ చెల్లించినా, ఆ మొత్తాన్ని యజమాని దగ్గర రాబట్టుకోవచ్చని 2004లో స్వరణ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మా వీధిలో ఒక యజమాని అలాగే ఇల్లు అమ్ముకున్నారు. డ్రైవరు లైసెన్సు గడువు రెండు వారాల ముందు ముగిసిందన్న సంగతి ఆ ఇద్దరిలో ఎవరికీ తెలియదు.

పాతకాలంలో గడువు దాటాక ముప్పై రోజుల వెసులుబాటు ఉండేది; 2019 సవరణలో దాన్ని తీసేశారు. అందుకని మీ ఎండార్స్‌మెంట్ తేదీని లైసెన్సు తేదీతో కలిపి చూడకండి, అవి రెండు వేర్వేరు తేదీలు. గడువుకు ఏడాది ముందు నుంచే రెన్యూవల్‌కు దరఖాస్తు చేయవచ్చు. గడువు దాటి ఏడాది గడిస్తే మళ్ళీ డ్రైవింగ్ పరీక్షకు నిలబడాలి.

గుంటూరు టాక్సీ:

ముగ్గురికీ కృతజ్ఞతలు. ఏజెంటుకు ఫోను చేసి వద్దని చెప్పేశాను. నాన్నగారికి పై సమాధానాలన్నీ చదివి వినిపించాను. ముందు హెవీ లైసెన్సు రానీ, తరువాత చూద్దాం అన్నారు. నిన్న కళ్ళ డాక్టరు దగ్గరికి వెళితే దూరపు చూపుకు అద్దాలు రాశారు. అద్దాలు పెట్టుకుంటే ఫారం 1ఎ విషయంలో ఇబ్బంది ఉంటుందా? ఇంకొకటి, నేను తెలుగు మీడియంలో పదో తరగతి వరకే చదివాను, ఇంగ్లీషు నెమ్మదిగా కూడబలుక్కుని చదువుతాను. కోర్సులో వెనకబడతానేమోనని బెంగగా ఉంది. అన్నగారూ, ఇప్పటి నుంచే ఏమైనా చదువుకోవచ్చా?

కృష్ణలంక శిక్షకుడు:

అద్దాలతో చూపు సరిగా ఉంటే ఇబ్బంది లేదు, ఆ ఫారంలోనే అద్దాలతో ఉన్న చూపును రాసే చోటు ఉంది. పరీక్ష రోజున అద్దాలు మరిచిపోకండి. ఎప్పుడు నడిపినా అవి ముఖం మీదే ఉండాలి.

ట్యాంకరు సీటు:

నేను ఏడో తరగతి వరకే చదివాను తమ్ముడూ, నువ్వు నాకంటే మూడేళ్ళు ఎక్కువే చదివావు. ప్రతి ట్యాంకరులో ట్రెమ్ కార్డు అని ఒక కాగితం ఉంటుంది. సరుకు పేరు, దాని గుణం, కారితే ఏం చేయాలి, ఒంటి మీద పడితే ఏం చేయాలి అన్నవి అందులో ఉంటాయి. సరుకు పంపేవారు ఆ సమాచారం ఇవ్వాలి, యజమాని దాన్ని డ్రైవరుకు అర్థమయ్యేలా చెప్పించాలి, అది నిబంధనల్లో ఉంది. నీకు పని ఇస్తానన్న యజమాని దగ్గర పెట్రోలుదీ డీజిలుదీ కార్డుల నకళ్ళు అడిగి తెచ్చుకో. అందులోని ఇంగ్లీషు మాటలు ఒక నలభై ఉంటాయి, మళ్ళీ మళ్ళీ అవే వస్తాయి. ఒక్కోదాని పక్కన తెలుగులో రాసుకుని రోజూ పొద్దున స్టాండులో కిరాయి వచ్చేలోపు చదువుకో. ఎక్కడైనా ఆగిపోతే ఇక్కడే రాయి, నేను సాయంత్రం లోడు దించాక చూస్తాను.