రాత్రి ఒంటిగంట దాకా రిసెప్షన్ చేసుకోనిచ్చే హాలు దొరుకుతుందా?

రాత్రిరాగం:
మా చెల్లి రిసెప్షన్‌కి హాలు వెతుకుతున్నాం. ఎవరిని అడిగినా "లేట్ అయినా పర్లేదండీ" అంటున్నారు. తీరా కాగితం మీదికొచ్చేసరికి పదిన్నరకే మ్యూజిక్ బంద్ అని ఉంటోంది. మా వాళ్లలో సగంమంది డ్యూటీలు ముగించుకుని తొమ్మిది దాటాకే వస్తారు. ఒంటిగంట దాకా పాటలు, డాన్సులు ఉండాలని చెల్లి పట్టు. ఇలాంటి హాలు దొరికినవాళ్లు ఏమేం అడిగి తేల్చుకున్నారో చెప్పండి.

పాతకాపు:
"ఎన్నింటిదాకా?" అని అడక్కండి. ఎందుకంటే అక్కడ టైములు నాలుగుంటాయి: పాటలు ఆపేది, వడ్డన ఆపేది, అతిథులు బయటికి వెళ్లాల్సింది, సామాను తీసేసి హాలు అప్పగించాల్సింది. మేనేజర్ చెప్పే ఒంటిగంట చాలాసార్లు ఈ ఆఖరుదే. అక్కణ్నుంచి వెనక్కి లెక్కేసుకోండి. స్టేజీ, లైట్లు, సౌండ్ బాక్సులు విప్పడానికి గంట పైమాటే. "ఇక వెళ్లొస్తాం" అన్నవాళ్లు గుమ్మం దాటడానికి ఇంకో అరగంట. పాటలకి మిగిలేది పదకొండుంబావు!

రాత్రిరాగం:
ఒక హాలు ఫారంలో "కార్యక్రమం ముగింపు 1.00" అని మాత్రమే ఉంది. దీన్ని ఏమనుకోవాలండీ?

పాతకాపు:
ఏమీ అనుకోవద్దు. నాలుగు టైములూ విడివిడిగా రాయించుకుని సంతకం పెట్టించండి. టైము దాటితే గంటకి ఎంత, డిపాజిట్‌లో కోత ఉంటుందా, పోలీసులొస్తే ఎవరు మాట్లాడతారు, ఇవి కూడా అందులోనే. "కోఆపరేట్ చేస్తాం సార్" అనే మాటకి ఆ రాత్రి విలువుండదు. ఆ మాటన్న మనిషి అప్పటికి డ్యూటీ దిగి ఇంటికెళ్లిపోయి ఉంటాడు.

సౌండ్‌పెట్టె:
నాది సౌండ్ పనే. ఆ హాలుకి ఉన్న అనుమతి ఏంటో ముందు చూడండి. స్పీకర్లకి, మద్యానికి వేళలు ఊరినిబట్టి మారతాయి, రెండింటికీ ఒకటే టైము ఉండాలని కూడా లేదు. యజమాని ఎంత మంచివాడైనా ఆ కాగితం దాటలేడు.

తర్వాత గోడలు. ఇబ్బందంతా బేస్‌తోనే, అంటే పాటలో ఉండే లోతైన మోతతోనే. 50 హెర్ట్జ్ శబ్దానికి ఒక్కో తరంగం పొడవు దాదాపు 7 మీటర్లు, మామూలు గోడలకి, కిటికీలకి అది సరిగ్గా ఆగదు. అందుకే వీధిలోకి పాటలో మాటలు రావు, ధమ్ ధమ్ మాత్రం వస్తుంది. లాన్ అయితే ఇంకా కష్టం. ఆరుబయట దూరం రెట్టింపైతే శబ్దం తగ్గేది సుమారు 6 డెసిబెల్సే. పైగా గాలి లేని రాత్రి నేల చల్లబడి, పైన గాలి వెచ్చగా ఉంటే శబ్దం పైకి పోకుండా కిందికి వంగి దూరం వెళ్తుంది. పగలు వెళ్లి చూసి "ఇళ్లు దూరంగానే ఉన్నాయిలే" అనుకుంటే సరిపోదు. ఒంటిగంట అంటే నా ఓటు మూసిన హాలుకే.

చిట్టిగవ్వ:
లిమిటర్ ఉందేమో కూడా అడగండి, అదే, శబ్దం కొలిచి హద్దు దాటితే కరెంటు ఆపేసే పెట్టె! మా అన్నయ్య రిసెప్షన్ హాల్లో స్టేజీ పక్క గోడకి చిన్న పెట్టె ఉంది. పచ్చ, పసుపు, ఎరుపు లైట్లు. పాట హుషారెక్కి అందరూ చప్పట్లు, ఈలలు మొదలెట్టగానే ఎరుపు వెలిగింది. కాసేపటికే స్టేజీ ప్లగ్గులన్నిటికీ కరెంటు పోయింది. కీబోర్డు ఆగిపోయింది, పాడే అతను మూగబోయిన మైకు పట్టుకుని ఇంకో లైను పాడాడు పాపం. అలా మళ్లీ మళ్లీ జరిగింది. బుకింగ్ రోజు ఆ పెట్టె సంగతి ఎవరూ చెప్పలేదు.

సౌండ్‌పెట్టె:
@చిట్టిగవ్వ అలా కరెంటు పోతే ఆంప్లిఫయర్లు కూడా దెబ్బతినొచ్చు. లిమిటర్ ఎన్ని డెసిబెల్స్‌కి పెట్టారు, దాని మైకు ఎక్కడుంది, ఈ రెండూ అడిగి బ్యాండు వాళ్లకి ముందే చెప్పండి. డ్రమ్స్ దగ్గర మైకు లేకుండానే 100 దాటుతుంది. లిమిటర్ 90కి ఉంటే ఎలక్ట్రానిక్ డ్రమ్స్ తెచ్చుకోమనాలి, లేదా డీజేతో సరిపెట్టుకోవాలి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022లో ఇచ్చిన ప్రమాణంలో కూడా ఇలాంటి వేదికల్లో సగటు శబ్దానికి 100 డెసిబెల్స్ హద్దు. అది లోపలున్నవాళ్ల చెవుల కోసం. పక్కింటివాళ్ల లెక్క వేరు.

నిద్రపట్టనివాడు:
ఆ పక్కింటివాణ్ని నేనే. ఫంక్షన్ హాలు వెనక వీధిలో ఉంటాను. 2009లో అదే సంస్థ యూరప్ కోసం రాసిన మార్గదర్శకాల్లో రాత్రిపూట ఇంటి బయట సగటున 40 డెసిబెల్స్ దాటకూడదంది. మా వీధికి ఆ సంగతి ఎవరూ చెప్పినట్టు లేదు. నిజానికి పాటలకి అలవాటు పడిపోయాం. ప్రాణం తీసేది పాటలు ఆగాక పార్కింగ్‌లో జరిగే రెండో రిసెప్షన్. హారన్లు, ధడేల్మని కారు తలుపులు, "ఒరేయ్ నీ ఫోన్ నా దగ్గరే ఉందిరా" అని అరుపులు. మేం ఫోన్ చేసేది అప్పుడే. వాహనాలు మెయిన్ రోడ్డు వైపు నుంచి వెళ్లే హాలు చూసుకోండి. ముందురోజు చుట్టుపక్కల ఇళ్లకి ఒక మాట చెప్పి ఫోన్ నంబర్ ఇవ్వండి. నంబరుంటే ముందు మీకే చేస్తాం.

గంటలగోపి:
రాత్రిపూట ఖాళీ అయిపోయే ఆఫీసుల ఏరియాల్లో, హైవే పక్కన హాళ్లు చూడండి. హోటలైతే హాలు పైన గదులున్నాయా అని అడగాలి. ఉంటే ఆ గదులు మీ వాళ్లకే తీసుకుంటే ఫిర్యాదు చేసేవాళ్లే ఉండరు. పదకొండు తర్వాత హెడ్‌ఫోన్లు పంచి సైలెంట్ డిస్కో పెట్టడం ఇంకో దారి.

చిట్టిగవ్వ:
హెడ్‌ఫోన్లు పెట్టుకున్నవాళ్లు ఇంకా గట్టిగా పాడతారండీ! బయటినుంచి చూసే పెద్దవాళ్లకి మాత్రం మంచి కామెడీ.

పాతకాపు:
ఇంకో మాట. పదకొండు తర్వాత హాల్లో మిగిలేది మహా అయితే పాతికమంది కుర్రకారు. వాళ్లకోసం ఐదొందల మంది హాలుకి ఓవర్‌టైమ్ కట్టడం దండగ. పదకొండుకి పెద్ద హాలు ముగించి, అదే హోటల్లో ఇళ్ల వైపు కిటికీలు లేని చిన్న గది ఒకటి తీసుకోండి.

రాత్రిరాగం:
ఫోన్ చేశాను. ఆ 1.00 హాలు అప్పగించే టైమేనట, పాటలు పదకొండుకే ఆపాలట. ఇంకో హోటల్లో చిన్న గది ఉంది, ఒంటిగంట దాకా రాసిస్తామన్నారు. శనివారం చూడ్డానికి వెళ్తున్నాం.

నిద్రపట్టనివాడు:
వేరేవాళ్ల పార్టీ ఉన్న రాత్రే వెళ్లండి. ముందు వెనక వీధిలో నిలబడి వినండి, ఆ తర్వాత లోపలికెళ్లి అడ్వాన్స్ సంగతి మాట్లాడండి.