హిప్పీలు నిజంగా ఏం మిగిల్చారు?

ప్రశ్న: వుడ్‌స్టాక్ సంగీతోత్సవంలో జిమీ హెండ్రిక్స్ అమెరికా జాతీయ గీతాన్ని గిటార్ మీద వాయించిన వీడియో చూశాక రాత్రి నిద్ర పట్టలేదండీ. హిప్పీలంటే గంజాయి, పొడుగు జుట్టు అనే విన్నాను ఇన్నాళ్లూ. అంతకుమించి ఏమైనా ఉందా?

జవాబు: చాలా ఉంది. ఆయన వాయించింది 1969 ఆగస్టు 18, సోమవారం పొద్దున, అప్పటికే జనం చాలావరకు వెళ్లిపోయారు. ఆ గిటార్‌లో బాంబుల మోత వినిపిస్తుంది చూడండి, వియత్నాం యుద్ధం నడుస్తున్న రోజులవి, హిప్పీల వయసు కుర్రాళ్లనే బలవంతంగా సైన్యంలోకి తీసుకుంటున్నారు. అది తెలిస్తేనే ఆ వాయింపు పూర్తిగా అర్థమవుతుంది.

జవాబు: నాకైతే పాటలకన్నా శాన్‌ఫ్రాన్సిస్కోలోని డిగ్గర్స్ అనే బృందమంటే గౌరవం. పార్కులో ఊరికే భోజనం పెట్టారు, డబ్బు తీసుకోని దుకాణం నడిపారు. 1967లో ఆ ఊళ్లోనే హిప్పీల పేట హైట్ ఆష్‌బరీలో మొదలైన ఉచిత క్లినిక్ దశాబ్దాలపాటు నడిచింది.

జవాబు: అదే ఏడాది అక్టోబరులో అక్కడివాళ్లే హిప్పీ చచ్చిపోయాడంటూ శవపేటిక మోసుకుని ఊరేగారు, అదీ చెప్పాలి కదా. టీవీలు, పేపర్లు చూసి వేలమంది పిల్లలు వచ్చిపడ్డారు, తిండికీ పడుకోడానికీ చోటు చాల్లేదు, మత్తుమందులకు బలైనవాళ్లూ ఉన్నారు.

ప్రశ్న అడిగినవారు: శవపేటిక సంగతి అస్సలు తెలియదండీ. ముందు డిగ్గర్స్ గురించే చదువుతాను.