అప్‌డేట్: 52 వ్యాసాలకు విడివిడిగా కామెంట్లు రాయడం గురించి

తొమ్మిదో తరగతిలో 52 మందికి విడివిడిగా కామెంట్లు రాయడం ఎలా అని పోయిన నెల ఇక్కడ అడిగాను. తప్పులన్నీ దిద్దకుండా ఒక మెచ్చుకోలు, ఒక ప్రశ్న రాయమన్నారు. రోజుకి పది పుస్తకాల చొప్పున అలాగే చేశాను.

మా కోనసీమలో వరద గురించి రాయమంటే చాలామంది ధవళేశ్వరం, మూడో ప్రమాద హెచ్చరిక, 17.75 అడుగుల నీటిమట్టం అంటూ వార్తలాగే మొదలుపెడతారు. గోదావరి మధ్యలో ఉన్న లంక నుంచి వచ్చే ఒక పిల్లాడు 'నీళ్లొచ్చాయి, పడవెక్కి గట్టుకి వెళ్లాం' అని ముగించేశాడు. ఇదివరకైతే టిక్కు పెట్టేసేదాన్ని. ఈసారి 'మరి గేదెని ఎలా దాటించారు?' అని పక్కన రాశాను. మర్నాడు పేజీన్నర తెచ్చాడు! నాన్న పలుపు పట్టుకుంటే గేదె పడవ పక్కనే ఈదిందట, దూడని వాడు ఒళ్లో పెట్టుకున్నాడట. చదువుతుంటే కళ్లు చెమర్చాయి.

ఒత్తులు ఇంకా తప్పులే. వాటిని వచ్చేవారం చూస్తాను. మీ అందరికీ చాలా థాంక్సండి.